జ్డెన్యెక్ లిష్కా సంగీతం విన్నవారున్నారా?

విభాగం: ప్రపంచ సినిమా / సంగీతం

రీలుపెట్టె:

చెకోస్లొవాక్ దర్శకుడు యురాయ్ హెర్ట్స్ తీసిన ‘స్పలోవచ్ మర్త్‌వోల్’ చూశాను. బయటి దేశాల్లో ‘ద క్రిమేటర్’ అన్న పేరుతో తెలిసిన 1969 నాటి నలుపు తెలుపు చిత్రం. ప్రాగ్ దహనశాలలో పనిచేసే కోప్‌ఫ్రకింగ్ల్ మర్యాదస్తుడు, మెత్తగా మాట్లాడే మనిషి. చనిపోయినవారి ఆత్మలకు తాను విముక్తి కలిగిస్తున్నానని నమ్ముతాడు. నాజీలు దేశంలో అడుగుపెట్టేసరికి ఆ నమ్మకం సొంత ఇంటివాళ్ల మీదికి మళ్లుతుంది. ఇంతకంటే చెబితే చూడనివారికి అన్యాయం చేసినట్టే.

నేను అడగదలచుకున్నది ఆ సంగీతం గురించి. తెర మీద అంత ఘోరం జరుగుతుంటే వెనక నుంచి జోలపాటలా సాగే వాల్ట్జ్, మాటల్లేని స్త్రీ గొంతు, తరువాత బృందగానం. ప్రేక్షకుణ్ణి ఉలిక్కిపడేలా చేయాలన్న తాపత్రయం ఎక్కడా లేదు. కోప్‌ఫ్రకింగ్ల్ తన గురించి తాను ఏమనుకుంటున్నాడో ఆ సంగీతం అదే చెబుతోంది: తాను దయామయుడు. వింటున్న మనకు ఒళ్లు గగుర్పొడుస్తుంది.

పేర్లు వేసినప్పుడు చూస్తే సంగీతం జ్డెన్యెక్ లిష్కా. ఈయన పనిచేసిన చిత్రాల జాబితా తీస్తే మతి పోయింది. అంతరిక్ష నౌక చిత్రం ఈయనదే, పదమూడో శతాబ్దపు దోపిడీ దొరల కథ ఈయనదే, బొమ్మల చిత్రాలు ఈయనవే, పోలీసు సీరియల్ కూడా ఈయనదే. అన్నీ చేసింది ఒక్కరేనా? ఇన్ని చేసిన మనిషి గురించి మన వేదికలో ఒక్క చర్చ కూడా లేదు. తెలిసినవారు చెప్పండి.

మూడోకాలం:

ఒక్కరే. ఆయన సంగీతం మీద నాకు చాలా ఏళ్లుగా పిచ్చి ఉంది కాబట్టి కొంచెం వివరంగా రాస్తాను, ఓపిక పట్టండి.

లిష్కా 1922 మార్చి 16న క్లాద్నో దగ్గరి స్మెచ్నో అనే చిన్న ఊళ్లో పుట్టారు. తండ్రి, తాత ఇద్దరూ ఊరి ఉద్యోగులు, ఊరి వాద్యగాళ్లు. చిన్నప్పుడే అకార్డియన్, వయొలిన్ పట్టుకున్నారు. యుద్ధం నడుస్తుండగానే ప్రాగ్ సంగీత కళాశాలలో చదువు పూర్తి చేశారు. స్లానీలో ఔత్సాహికుల వాద్యబృందాన్ని నడిపారు, హుంపోలెత్స్‌లో సంగీతం పాఠాలు చెప్పారు. ఇంతవరకు ఏ చిన్న ఊరి సంగీతం మాస్టారి జీవితమైనా ఇలాగే ఉంటుంది.

యుద్ధం అయ్యాక జ్లీన్ స్టూడియోలో చేరడంతో దారి మారింది. జ్లీన్ అంటే బాటా చెప్పుల ఊరు. ఆ కంపెనీ తన ప్రకటనల కోసం 1930లలో కట్టుకున్న స్టూడియో అది. తరువాత ప్రభుత్వపరమైంది. ఊరి పేరు కూడా 1949లో గోట్‌వాల్డోవ్‌గా మారి, మళ్లీ 1990లో జ్లీన్ అయింది. అక్కడ హెర్మీనా టీర్లోవా బొమ్మల చిత్రాలు తీస్తున్నారు, కారెల్ జెమన్ మాయలు చేస్తున్నారు. ప్రకటన చిత్రం, విద్యా చిత్రం, బొమ్మల చిత్రం, ఏది వచ్చినా లిష్కా సంగీతం కట్టాలి. రెండు నిమిషాల చిత్రానికి రెండు నిమిషాల సంగీతం, ఒక్క సెకను అటూ ఇటూ కాకూడదు. బొమ్మ కనురెప్ప ఆడితే అక్కడ స్వరం పడాలి. తరువాత ఆయనలో కనిపించే కచ్చితత్వం ఈ వెట్టిచాకిరీలోంచి వచ్చిందేనని నా నమ్మకం.

1958లో జెమన్ తీసిన ‘వినాలెజ్ జ్కాజీ’ ఆయన్ను బయటి ప్రపంచానికి వినిపించింది. జూల్ వెర్న్ నవలల్లోని చెక్కుడు బొమ్మలు లేచి నడుస్తున్నట్టుండే చిత్రం. ఆ ఏడాది బ్రస్సెల్స్ ప్రపంచ ప్రదర్శన చిత్రోత్సవంలో పెద్ద బహుమతి గెలుచుకుంది. తరువాత లిష్కా ప్రాగ్‌లోని బర్రాండోవ్ స్టూడియోకి పని చేయడం మొదలుపెట్టారు. అక్కడినుంచి 1983 ఆగస్టు 13న పోయేదాకా ఆగింది లేదు. అప్పటికి అరవై ఒక్కేళ్లు.

చిట్టిబొమ్మ:

మూడోకాలం గారూ, బొమ్మల చిత్రాల సంగతి ఎత్తారు కాబట్టి నేను కూడా చేరుతున్నాను. యానిమేషన్ చదువుతున్నాను. మా తరగతిలో ఎవరిని అడిగినా చెక్ దర్శకుడు యాన్ ష్వాంక్‌మాయెర్ పేరు చెబుతారు, లిష్కా పేరు ఒక్కరూ చెప్పరు. ఆ చిత్రాల్లో సగం ప్రాణం ఆయనది.

1967 నాటి ‘హిస్టోరియా నాటురే, సూయిటా’ చూడండి. మొత్తం ఎనిమిది భాగాలు. జంతుజాలం ఒక్కో తరగతికి ఒక్కో నాట్యరీతి. నీటి జీవులకు ఫాక్స్‌ట్రాట్, పురుగులకు బొలేరో, చేపలకు బ్లూస్, సరీసృపాలకు టారంటెల్లా, పక్షులకు టాంగో, క్షీరదాలకు మినుయెట్, కోతులకు పోల్కా, చివర మనిషికి వాల్ట్జ్. భాగానికీ భాగానికీ మధ్య ఒక మనిషి నోరు మాంసం ముక్క నమిలి మింగుతుంది. సంగీతం లేకుండా చూస్తే అది మ్యూజియం బొమ్మల వరుస. సంగీతంతో చూస్తే వెక్కిరింపు. సరీసృపాల అస్థిపంజరాలు టారంటెల్లా ఆడుతుంటే నవ్వాలో వద్దో తెలియదు.

ష్వాంక్‌మాయెర్‌తో ఆయన చేసినవి ఇంకా ఉన్నాయి: ‘రక్విచ్‌కార్నా’ (1966), ‘బిట్’ (1968), ‘డాన్ షాయ్న్’ (1970), ‘జాబర్‌వాకీ’ (1971), లియొనార్డో మీద తీసిన చిత్రం (1972). లిష్కా పోయిన తరువాత ష్వాంక్‌మాయెర్ చిత్రాలు వింటే తేడా తెలిసిపోతుంది. 1987 నాటి ‘ఆలిస్’లో నేపథ్య సంగీతమే లేదు. తలుపుల కిర్రు, కత్తెర చప్పుడు, గడియారాల టిక్కు, అంతే.

ఇంకొక ముక్క. అమెరికాలో పుట్టి లండన్‌లో స్థిరపడిన క్వే సోదరులు 1984లో ష్వాంక్‌మాయెర్‌కు నమస్కారంగా ఒక బొమ్మల చిత్రం తీశారు. అందులో వినిపించేది లిష్కా సంగీతమే. గురువుకు నమస్కారం పెట్టాలన్నా లిష్కా స్వరాలే అరువు తెచ్చుకోవాల్సి వచ్చింది.

కృష్ణాతీరం:

మీ ఉత్సాహం బాగుంది. అయినా ఒక మాట అడుగుతాను, తప్పుగా అనుకోకండి. సంగీత దర్శకుణ్ణి గుర్తుంచుకునేది పాటలతో. మన దగ్గర రీరికార్డింగ్ బాగుందని అంటాం, ఇంటికి వెళుతూ పాడుకునేది మాత్రం పాటే. ఈయన ఎనిమిది రకాల నాట్యాలకు వరసలు కట్టారు, సరే. అందులో ఒక్కటైనా ఎవరి నోటనైనా నిలిచిందా? చిత్రం చూస్తున్నంతసేపూ వినిపించి, చిత్రం అయిపోగానే మరుపున పడేది గొప్ప సంగీతం ఎలా అవుతుంది? మూడోకాలం గారు రికార్డింగ్ థియేటర్లలో పనిచేసినవారు, ఆయనే చెప్పాలి.

మూడోకాలం:

మాస్టారూ, మీరు అడిగిందే అసలు ప్రశ్న.

రీరికార్డింగ్ థియేటర్‌లో కీబోర్డు ముందు కూర్చున్న రోజుల్లో నేను నేర్చుకున్నది ఒకటుంది. పాట దగ్గర చిత్రం ఆగి సంగీతానికి చోటిస్తుంది. నేపథ్యం అలా కాదు, ఎవరూ చోటివ్వరు. మాటల సందుల్లోనో, అడుగుల చప్పుడు కిందో, మనమే చోటు వెతుక్కోవాలి. ఎక్కువైతే దర్శకుడు తగ్గించమంటాడు, తక్కువైతే నిర్మాత డబ్బులెందుకిచ్చానంటాడు. లిష్కా ఈ గొడవను ఇంకోలా పరిష్కరించారు. సంగీతానికీ చప్పుడుకూ మధ్య గోడ తీసేశారు.

‘ఐకారీ ఎక్స్‌బీ-1’ వినండి. యిండ్రిహ్ పోలాక్ 1963లో తీసిన అంతరిక్ష యాత్ర, స్టానిస్లావ్ లెమ్ నవల ఆధారంగా. నౌకలో మీకు వినిపించే గుర్రుమనే ధ్వని యంత్రానిదా, వాద్యానిదా? తేల్చలేరు. ఎలక్ట్రానిక్ ధ్వనులు, వాద్యబృందం ఒకదాంట్లోకి ఒకటి జారిపోతాయి. ఉన్నట్టుండి నౌకలోనివాళ్లు నృత్యానికి లేస్తారు. రాబోయే కాలం మనుషులు ఏ వరసకు ఆడతారో ఎవరికి తెలుసు? ఆయన మాత్రం తెలిసినట్టే రాశారు.

‘మార్కెటా లాజరోవా’ (1967) దగ్గరికి వస్తే ఇది పరాకాష్ఠ. ఫ్రాంటిషెక్ వ్లాచిల్ దర్శకుడు. చలికాలం, మంచు, తోడేళ్లు, ఒకరినొకరు నరుక్కునే రెండు వంశాలు, మధ్యలో మఠానికి వెళ్లవలసిన అమ్మాయి. నటీనటులను షుమవా అడవుల్లోనే ఉంచి, పాతకాలపు బతుకు అలవాటు చేయించి మరీ తీశారు. మాటలన్నీ తరువాత డబ్బింగ్ చేసినవే, వాటికి ప్రతిధ్వని కలిపారు. ఆ ప్రతిధ్వనిలోకే లిష్కా బృందగానం వస్తుంది. గంటలు, డప్పులు, క్రైస్తవ ప్రార్థనలా మొదలై అన్యమత కేకలోకి తిరిగే గొంతులు. ఎవరు మాట్లాడుతున్నారు, ఎవరు పాడుతున్నారు, దేవుడా మనిషా అన్న అనుమానం చిత్రమంతా నడుస్తుంది. 1998లో చెక్ విమర్శకులు ఈ చిత్రాన్నే తమ దేశపు అత్యుత్తమ చిత్రంగా ఎన్నుకున్నారు.

నోట నిలిచే వరస కావాలంటే అదీ ఉంది. ‘ఒబ్‌ఖొద్ నా కోర్జె’ (1965), ఆస్కార్ గెలిచిన చెకోస్లొవాక్ చిత్రం. స్లొవేకియాలో ఒక ఊరు, ముసలి యూదు అవ్వ కొట్టు, ఆ కొట్టుకు సర్కారు నియమించిన మెతక మనిషి. ఊరి బ్యాండు మేళం వాయించే వరస మొదట సరదాగా ఉంటుంది. చివరికి వచ్చేసరికి అదే మేళం గుండెను పిండుతుంది. చూసి మూడు రోజుల తరువాత కూడా ఆ వరస మీ వెంటపడకపోతే నన్నడగండి.

రీలుపెట్టె:

మూడోకాలం గారూ, కృతజ్ఞతలు. ‘మార్కెటా లాజరోవా’ చూసి చాలా కాలమైంది. దాని స్క్రీన్‌ప్లే ఎవరిది? వంచూరా నవల ఆధారమని మాత్రం గుర్తుంది.

సుధామయి:

ఈ ప్రశ్న కోసమే ఎదురుచూస్తున్నాను. వ్లాదిస్లావ్ వంచూరా నవల 1931లో వచ్చింది. స్క్రీన్‌ప్లే వ్లాచిల్‌తో కలిసి రాసినవారు ఫ్రాంటిషెక్ పావ్లీచెక్. మీరందరూ లిష్కా పేరు ఎవరికీ తెలియదని బాధపడుతున్నారు. పావ్లీచెక్ పేరును ఏకంగా చెరిపేశారు.

పావ్లీచెక్ నాటక రచయిత. 1960లలో ప్రాగ్‌లోని వినోహ్రాడీ నాటకశాలకు డైరెక్టర్. 1968 ఆగస్టులో సోవియట్ ట్యాంకులు వచ్చాయి. తరువాతి ఏళ్లకు పాలకులు పెట్టుకున్న పేరు ‘సాధారణీకరణ’. ఎదురు మాట్లాడినవాళ్లను కొలువుల్లోంచి తీసేయడం, రాసేవాళ్ల పేర్లు పత్రికల్లో, తెర మీద కనిపించకుండా చేయడం. పావ్లీచెక్ పదవి పోయింది, పేరు మీద నిషేధం పడింది. తరువాత 1977లో మానవ హక్కులు కోరుతూ వెలువడిన ‘చార్టర్ 77’ ప్రకటన మీద సంతకం చేసినవారిలో ఆయన కూడా ఉన్నారు.

అయినా రాయడం మానలేదు. 1973లో వాత్స్లావ్ వోర్లీచెక్ దర్శకత్వంలో తూర్పు జర్మనీతో కలిసి తీసిన ‘త్రి ఒర్షీష్కి ప్రొ పొపెల్కు’, అంటే మూడు గింజల సిండరెల్లా కథ, ఆయన రాసిందే. తెర మీద మాత్రం స్క్రీన్‌ప్లే బొహుమిలా జెలెన్‌కోవా అని పడింది. ఆమె తన పేరు ఇచ్చారు, ఆయన రాశారు. బయటపడితే ఇద్దరికీ ముప్పే.

ఆ సిండరెల్లా ఎవరనుకుంటున్నారు? కన్నీళ్లు పెట్టుకుంటూ యువరాజు కోసం ఎదురుచూసే పిల్ల కాదు. గుర్రం ఎక్కుతుంది, బాణం వేస్తుంది, వేటగాడి దుస్తుల్లో యువరాజును ఆటపట్టిస్తుంది. చివర ఆమె పొడుపుకథ వేస్తే అతను విప్పాలి. పేరు పెట్టుకునే హక్కు లేని మనిషి రాసిన కథలో, ఎవరో చెబితే తప్ప తానెవరో తెలుపని నాయిక. ఇది కాకతాళీయమని నేను నమ్మను.

ఇప్పుడు నా అసలు వాదన. 1967లో ఒకే చిత్రం మీద ఇద్దరు పనిచేశారు. 1970ల్లో రచయిత పేరు మాయమైంది. సంగీత దర్శకుడి పేరు ఏటేటా తెర మీద పడుతూనే వచ్చింది. ఇద్దరిలో ఎవరి ప్రతిభా తక్కువ కాదు. మాటను పట్టుకుని ఫలానాది ప్రభుత్వ వ్యతిరేకమని గీత గీయవచ్చు. స్వరం మీద ఆ గీత ఎక్కడ గీస్తారు?

ప్రాగ్‌పిచుక:

ఉద్యోగరీత్యా ప్రాగ్‌లో ఉంటున్నాను, కనుక ఇక్కడి సంగతి రెండు ముక్కలు.

సుధామయి గారు చెప్పిన సిండరెల్లా ఇక్కడ క్రిస్మస్‌కు తప్పదు. చెక్ దేశంలోనే కాదు, జర్మనీలోనూ నార్వేలోనూ అంతే. నార్వేలో ఐతే అందరి మాటలనూ ఒకే మగ గొంతు చదువుతుంది. ఆ వెర్షనే వాళ్లకు ముద్దు. మా ఆఫీసులో ఎవరిని అడిగినా నాయిక లిబుషె షఫ్రాన్‌కోవా పేరు చెబుతారు, కారెల్ స్వొబొదా వరసలు కూనిరాగం తీస్తారు, కారెల్ గోట్ పాడిన పాట పాడతారు. పావ్లీచెక్ అంటే మాత్రం వయసు మళ్లినవాళ్లే తలూపుతారు.

ఇక లిష్కా గారి సంగతిలో మీరెవరూ సరిగా కదపనిది ఒకటుంది. రీలుపెట్టె గారు మొదట్లో పోలీసు సీరియల్ అన్నారు చూశారా, అది ‘మేజర్ జెమన్ ముప్పై కేసులు’. (బొమ్మల దర్శకుడు జెమన్‌కూ ఈ పోలీసుకూ ఏ సంబంధమూ లేదు.) యిర్జీ సెక్వెన్స్ దర్శకుడు. 1970లలో తీశారు. ముప్పై భాగాలు. 1945 నుంచి మొదలుపెట్టి ఒక్కో ఏడాదికి ఒక్కో కేసు. హోంశాఖ అండతో తయారైన ప్రచారం. ఒక భాగంలో నిషిద్ధ రాక్ బృందాన్ని విమానం హైజాక్ చేసే మత్తుమందు ముఠాగా చూపించారు. అప్పట్లో నిజంగానే ప్రభుత్వం రాక్ వాద్యకారులను జైల్లో పెడుతోంది.

దాని ప్రారంభ సంగీతం లిష్కాది. అద్భుతంగా ఉంటుంది. చిక్కంతా అక్కడే ఉంది. 1999లో చెక్ టెలివిజన్ ఆ సీరియల్‌ను మళ్లీ వేసింది, ప్రతి భాగంతో పాటు నిజానిజాలు వివరించే డాక్యుమెంటరీ జోడించి. అయినా గొడవ గొడవ అయింది. మాజీ రాజకీయ ఖైదీల సంఘం తీవ్రంగా అభ్యంతరం చెప్పింది. ఇప్పటికీ ఇక్కడ ఎవరైనా ఆ వరస ఈలవేస్తే, ఒకరు నవ్వుతారు, ఇంకొకరు ముఖం తిప్పుకుంటారు.

కృష్ణాతీరం:

ఇదిగో, నోట నిలిచిన వరస దొరికింది. నిలిచింది ఎవరి కోసం? పోలీసుల కోసం!

సుధామయి గారి వాదన నాకు నచ్చింది, కాని దాన్ని ఆమె ఆపిన చోట నేను ఆపను. స్వరం మీద గీత గీయలేరు కాబట్టి స్వరకర్తకు ఊపిరాడింది, ఒప్పుకుంటాను. ఆ ఊపిరికి ఆయన చెల్లించిన వెల ఏమిటి? పావ్లీచెక్ పేరు పోగొట్టుకుని రాశారు. లిష్కా పేరు నిలుపుకుని, ఎవరు అడిగితే వారికి వాయించారు. నిషేధించిన చిత్రానికీ అదే చెయ్యి, నిషేధించినవాళ్ల సీరియల్‌కూ అదే చెయ్యి. సంగీతానికి రాజకీయం లేదని మనం తరచూ అంటుంటాం. సౌకర్యమైన మాట అది.

నిర్వాహకులు:

చర్చ బాగా సాగుతోంది. ఒక్క విన్నపం: ఇక్కడి పార్టీలు, ఇక్కడి సినిమా కుటుంబాలతో పోలికలు పెట్టిన రెండు వ్యాఖ్యలు తొలగించాము. చెకోస్లొవేకియా గురించే మాట్లాడుకుందాం.

సుధామయి:

మాస్టారూ, మీరన్న వెల నిజమే. దాన్ని తూచేముందు ఇంకొకరి గురించి చెప్పనివ్వండి, ఎస్తేర్ క్రుంబఖోవా. 1923లో బ్ర్నోలో పుట్టారు. నాటకాలకు దుస్తులు రూపొందించడంతో మొదలుపెట్టి, సినిమాల్లోకి వచ్చి, అక్కడినుంచి రచనలోకి వచ్చారు. వ్యెరా ఖిటిలోవా తీసిన ‘సెద్మిక్రాస్కి’ (1966) స్క్రీన్‌ప్లేలో ఆమె చెయ్యి ఉంది. ఇద్దరు అమ్మాయిలు విందు బల్లమీద తొక్కుతూ తింటారు, గుర్తుందా? తిండి వృథా చేశారంటూ 1967లో ఒక సభ్యుడు పార్లమెంటులోనే ఆ చిత్రం మీద లేచాడు. యాన్ న్యెమెత్స్ తీసిన విందు కథ కూడా ఆమెదే. 1973లో ‘ఎప్పటికీ వేయకూడదు’ అని తేల్చిన నాలుగు చిత్రాల్లో అదొకటి. ఆ నాలుగింటిలోనే ఉన్న వోయ్త్యెఖ్ యాస్నీ పల్లెటూరి చిత్రానికి దుస్తులు ఆమెవే. ఏ చిత్రం పెట్టెలోకి వెళ్లినా అందులో ఆమె వేలిముద్ర దొరుకుతుంది.

ఆమె, లిష్కా కలిసింది ‘ఒవొత్సె స్త్రోము రాయ్‌స్కీఖ్ యీమె’లో. ఖిటిలోవా చిత్రమే, 1970లో కాన్ ఉత్సవానికి వెళ్లింది. మొదటి నిమిషాల్లో ఆదాము అవ్వల కథ. ఆకులూ చర్మమూ ఒకదాని మీద ఒకటి తేలుతుంటే బృందం బైబిలు ఆదికాండాన్ని పాడుతుంది. ఆ నిమిషాల కోసం మిగతా చిత్రంలోని గందరగోళాన్ని క్షమించవచ్చు (మిగతాది నాకు అంతగా ఎక్కలేదు, ఎక్కినవారు కోప్పడకండి). ఆ తరువాత ఖిటిలోవాకు 1976 దాకా మరో చిత్రం దక్కలేదు. క్రుంబఖోవా 1970లో తానే దర్శకత్వం వహించిన ఒకే ఒక్క చిత్రం పూర్తిచేశారు. మళ్లీ తెర మీద పేరు కనిపించింది 1983లో, అదీ ఖిటిలోవా పిలిచినందుకే. మధ్యకాలంలో నగలు, తాయెత్తులు తయారుచేస్తూ గడిపారు. 1996లో పోయారు. లిష్కా? ఆ మధ్యకాలమంతా పనే పని.

ఇక మాటకూ స్వరానికీ తేడా ఎంతో చూపే సంగతి ఒకటుంది. చిట్టిబొమ్మ జాబితాలో రాలేదు కాబట్టి నేను చెబుతాను. ష్వాంక్‌మాయెర్ 1970లో సెద్లెత్స్‌లోని ఎముకల గుడి మీద చిన్న చిత్రం తీశారు. వేలమంది ఎముకలతో కట్టిన తోరణాలు, దీపగుచ్ఛాలు. దాని మీద మొదట వినిపించింది ఆ గుడిని చూపించే గైడు మాటలు, సందర్శకులకు ఆమె రోజూ అప్పజెప్పే పాఠం. అధికారులకు అది నచ్చలేదు. తీసేయమన్నారు. ఆ ఖాళీలో లిష్కా వచ్చి, ఫ్రెంచి కవి ప్రెవేర్ రాసిన పక్షి బొమ్మ కవితకు వరస కట్టి పాడించారు. ముందు పంజరం గీయాలి, తలుపు తెరిచి ఉంచాలి, పక్షి వచ్చేదాకా కాచుకోవాలి, వచ్చాక మెల్లగా తలుపు మూసి ఊచలను ఒక్కొక్కటిగా చెరిపేయాలి అని చెప్పే కవిత. ఎముకల మీద ఆ పాట. గైడు మాటల్లో లేని ధిక్కారం ఈ పాటలో ఉంది. కత్తెర వేసినవాళ్లు దాన్ని పట్టుకోలేకపోయారు.

అందుకే మాస్టారూ, ఎవరు అడిగితే వారికి వాయించారన్న మీ మాటకు నేను సగం వరకే వస్తాను. ఎముకల గుడిలో ఆయన వాయించింది కత్తెర వేసినవాళ్ల కోసం కాదు.

మూడోకాలం:

నేనూ ఒకటి కలుపుతాను. స్వరానికి నిషేధం లేదన్నది పూర్తిగా నిజం కాదు. చిత్రం పెట్టెలోకి వెళితే సంగీతం కూడా దాంతోపాటే వెళుతుంది. రీలుపెట్టె గారు మొదలుపెట్టిన ‘క్రిమేటర్’నే తీసుకోండి. విడుదలైన కొన్నాళ్లకే తెరల మీద నుంచి తీసేశారు, 1989 దాకా బయటికి రాలేదు. అప్పటికి లిష్కా పోయి ఆరేళ్లు. తాను రాసిన వాటిలో ఉత్తమమైనదని నేను అనుకునే సంగీతం మళ్లీ జనం చెవిన పడడం ఆయన చూడలేదు. కచేరీ కోసం రాసిన సింఫనీలు ఉండి ఉంటే వేరే సంగతి. ఆయన జీవితమంతా చిత్రాలకే రాశారు, అవి ఎక్కడుంటే ఆయన అక్కడే.

అలాగే లిష్కా వ్లాచిల్‌ను వదలలేదు. 1969లో ‘అడెల్‌హైడ్’ తరువాత వ్లాచిల్‌కు కొన్నేళ్లపాటు కథాచిత్రం తీసే అవకాశం ఇవ్వలేదు. 1976లో మళ్లీ తీయనిచ్చినప్పుడు సంగీతానికి లిష్కానే. 1977లో తీసిన ‘స్తీని హోర్‌కెహొ లెతా’కూ ఆయనే. ఆ చిత్రం మరుసటి ఏడు కార్లోవీ వారీ ఉత్సవంలో మొదటి బహుమతి పొందింది. సీరియల్‌కు రాసిన చేతితోనే పక్కకు నెట్టేసిన స్నేహితుడికీ రాశారు. రెండూ ఒకే ఖాతాలో వేయండి, మాస్టారూ. నేను కూడికలు తీసివేతలు చేయను.

కృష్ణాతీరం:

వేశాను. సీరియల్ మాత్రం కొట్టేయను.

రీలుపెట్టె:

కొత్తగా చూసేవాళ్లు ఎక్కడ మొదలుపెట్టాలి? ‘మార్కెటా’ రెండున్నర గంటలకు పైనే ఉంది, మా ఇంట్లో ఎవరూ కూర్చోరు.

చిట్టిబొమ్మ:

‘హిస్టోరియా నాటురే’తో మొదలుపెట్టండి, పది నిమిషాల లోపే. తరువాత ‘వినాలెజ్ జ్కాజీ’, పిల్లలతో కూర్చుని చూడవచ్చు. ఆ తరువాత ‘క్రిమేటర్’, పిల్లల్ని పడుకోబెట్టి. ‘మార్కెటా’ను ఫోనులో మాత్రం చూడకండి. 2011లో పునరుద్ధరించిన ప్రతి ఉంది, పెద్ద తెర దొరికితే సరే, లేదంటే కనీసం మంచి హెడ్‌ఫోన్లు పెట్టుకోండి. బృందగానం ఏ మూల నుంచి వస్తోందో తెలియాలి.

ప్రాగ్‌పిచుక:

పిల్లలుంటే ‘మలా మోర్‌స్కా వీలా’ కూడా చేర్చండి. 1976, కారెల్ కఖిన్యా దర్శకుడు, ఆండర్సన్ మత్స్యకన్య కథ, సంగీతం లిష్కా. మత్స్యకన్యగా వేసింది మిరొస్లావా షఫ్రాన్‌కోవా. ఆమెకు పోటీగా వచ్చే రాకుమారి వేషం అక్క లిబుషెది, మన సిండరెల్లా. నీళ్ల కింద జరిగే కథను చాలావరకు నీళ్లు లేకుండానే తీశారు. జుట్టు ముడులు, నీలి వెలుగు, ఆయన స్వరాలు, వాటితోనే సముద్రం అనిపించారు. ఒక హెచ్చరిక: ఆండర్సన్ ముగింపే ఉంచారు, పెళ్లితో ముగియదు. మా పాప రెండు రోజులు నాతో మాట్లాడలేదు.